మూడో గొంతు

ఆ ఏడు వానాకాలం చివర్లో నాకు జ్వరం వచ్చింది. ఇరవై రోజులు చాప మీదే ఉన్నాను. లేచి తిరిగేసరికి ఒంట్లో సత్తువ వచ్చింది, ఆకలి వచ్చింది, గొంతు మాత్రం రాలేదు. నోరు తెరిస్తే కోరాం మీద కొబ్బరిచిప్ప గీకినట్టు చప్పుడు. పిల్లలు నవ్వారు. మా ఆయన తాకోరు నవ్వలేదు. ప్రతిదానికీ నవ్వే మనిషి నవ్వకపోవడం చూశాకే నాకు భయం పట్టుకుంది.

నా పేరు లుయెమా. మా ఒమారె దీవికి నేను పాటమనిషిని. పదకొండేళ్లుగా నిలకడ పాట నాది.

నిలకడ అంటే రెండు గాలుల మధ్య వచ్చే కాలం. పడమటి గాలి ఆగిపోతుంది, తూర్పు గాలి ఇంకా మొదలవదు. సముద్రం నూనె పోసినట్టు చదునుగా పడుకుంటుంది. అప్పుడు మా దీవుల్లో మాట దాగదు. నాలుగు మైళ్ల అవతల తెఫూయి దీవిలో కుక్క మొరిగితే మా కుక్కలు జవాబిస్తాయి. అందుకని ఆ రోజుల్లో ఎవరూ గట్టిగా మాట్లాడరు, మొగుడూ పెళ్లాలు పోట్లాటలు వాయిదా వేసుకుంటారు, తెడ్డు నీళ్లలో పెట్టరు. సాయంత్రం పోటు దిగాక మా వైపు రాతి మీద ఒక ఆడమనిషి, తెఫూయి వైపు రాతి మీద ఒక మగమనిషి కూర్చుని, ఆ ఏడాది పోయినవాళ్ల పేర్లు పాటలో పంపుకుంటారు. మేము పంపిన పేరు వాళ్లు తిరిగి పాడాలి, వాళ్లు పంపిన పేరు మేము తిరిగి పాడాలి. రెండు గొంతులూ నడిమి పగడపు గట్టు మీద సరిగ్గా కలిసిన రోజున నీళ్లలోంచి మూడో గొంతు లేస్తుంది. అది ఎవరూ పాడేది కాదు. ఆడదో మగదో చెప్పలేం. అది వినపడిన మూడు రోజులకు తూర్పు గాలి వస్తుంది, వాన పడుతుంది, పడవలు కదులుతాయి.

నేను కూర్చున్న పదకొండేళ్లలో అది ఒక్కసారి కూడా ఐదో రోజు దాటలేదు.

అవతల పాడే మనిషిని నేను చూడలేదు. చూడకూడదు, పేరు కూడా తెలుసుకోకూడదు. తెఫూయి పడవ వస్తే నేను ఇంట్లోకి వెళ్లి గుమ్మానికి చాప దించుకోవాలి. మనిషిని చూస్తే గొంతు మనిషి వైపు పోతుంది, నీళ్ల మీదికి పోదు అంటారు మా పెద్దలు. నాకు మొగుడున్నాడు, ముగ్గురు పిల్లలున్నారు, ఆ మనిషి గురించి నేనేమీ కలలు కనలేదు. కానీ ఏడాదికి కొన్ని సాయంత్రాలు నన్ను ఒక్కదాన్నే వినే మనిషి ఒకడున్నాడు. నేను ఎక్కడ ఊపిరి తీసుకుంటానో అతనికి తెలుసు. జ్వరానికి రెండేళ్ల ముందు నాకు జలుబు చేసి ఒక చరణంలో తడబడ్డాను. అతను తన చరణాన్ని కాస్త సాగదీసి నాకు సందు ఇచ్చాడు. ఒడ్డున ఉన్నవాళ్లు ఎవరూ గమనించలేదు. ఆ సంగతి నేనూ ఎవరికీ చెప్పలేదు, తాకోరుకి కూడా.

పెద్దలు నలుగురు మా ఇంటికి వచ్చారు. నా చేత ఒక చరణం పాడించి చూశారు. వాళ్లలో ఒకాయన మధ్యలోనే తల దించుకున్నాడు. ఈ ఏడు నువ్వు విశ్రాంతి తీసుకో తల్లీ, ఇంకొకళ్లు కూర్చుంటారులే అన్నారు. ఎవరని అడిగాను. వాళ్లు పెరట్లోకి చూశారు. పెరట్లో నా తోటికోడలు నాలెయి చేమదుంపలు కడుగుతూ, తన మానాన తను కూనిరాగం తీసుకుంటోంది.

నాలెయి మా మరిది సివారె పెళ్లాం. ఇరవై రెండేళ్ల పిల్ల. మా ఇంటికి వచ్చి రెండేళ్లయింది. అందరిదీ ఒకటే పొయ్యి. ఆ పిల్ల చాప అల్లితే ఒక మూల వెడల్పు, ఒక మూల సన్నం. చేప కాలిస్తే ఒక పక్క మాడు, ఒక పక్క పచ్చి. అవన్నీ నాకు రెండేళ్లుగా ముద్దొచ్చేవి. ఆ రోజు నుంచి ఒక్కటీ ముద్దు రాలేదు.

పాట కొత్తగా నేర్పక్కర్లేదు, ఊరంతా ఏళ్ల తరబడి వింటున్న పాటే. నేర్పవలసింది ఒక్కటే ఉంది, అది వినపడేది కాదు. పాత పాటమనిషి కొత్త పాటమనిషిని రాతి మీదికి తీసుకెళ్లి, చుట్టుపక్కల ఎవరూ లేకుండా చెబుతుంది. మీరు మా రాతి మీద కూర్చోబోయేవాళ్లు కాదు కాబట్టి మీకు చెప్పినా ఫరవాలేదు. రాతి మీద కూర్చుని కాళ్లు చీలమండల దాకా నీళ్లలో పెట్టాలి. అవతలి గొంతు చెవికి చేరకముందే పాదానికి చేరుతుంది. పిల్లి కడుపు మీద చెయ్యి వేస్తే తెలిసినట్టు సన్నటి వణుకు. ఆ వణుకు ఆగగానే ఎత్తుకోవాలి. చెవి కోసం ఆగితే ఆలస్యమైపోతుంది, గొంతులు నడిమి గట్టు మీద కలవవు. రాయి సముద్రం వైపు తిరిగి ఉంటుంది కాబట్టి మా కాళ్లు ఎక్కడున్నాయో ఒడ్డున ఉన్నవాళ్లకు కనబడదు.

ఒక రోజు పోటు దిగే వేళ నాలెయిని అక్కడికి తీసుకెళ్లాను. జారుతుందేమోనని ఆ పిల్ల నా చెయ్యి పట్టుకుని నడిచింది.

"అక్కా, నాకు కాళ్లూ చేతులూ ఆడటం లేదు," అంది. "నీలాగా నాకెక్కడ వస్తుంది."

"వస్తుందిలే."

"ఎలా కూర్చోవాలో చూపించు మరి."

నేను కూర్చుని చూపించాను. కాళ్లు మడిచి, రాతి మీద పైకి పెట్టుకుని. "అవతల గొంతు పూర్తిగా ఆగేదాకా విను. బాగా ఆగిపోయాక అప్పుడు ఎత్తుకో. తొందరపడితే మర్యాద కాదు," అన్నాను.

"అంతేనా?"

"అంతే."

అది నేను ముందుగా అనుకుని అన్న మాట కాదు. నోటికి అలా వచ్చింది. వచ్చాక సరిదిద్దలేదు.

మొదటి సాయంత్రం ఊరంతా ఒడ్డున చేరింది. పదకొండేళ్లుగా నాకు రాతి మీద కూర్చోవడమే గానీ ఒడ్డున కూర్చోవడం తెలియదు. ఎక్కడ కూలబడాలో తోచక మా అత్త పక్కన కూర్చున్నాను. నాలెయికి నా గవ్వల దండ వేశారు, నేను కప్పుకునే మొగలి చాప కప్పారు. దండ ఆ పిల్లకి వదులై బొడ్డు దాకా వేలాడుతోంది. అది చూసి నాకు కాస్త ఊరట కలిగింది. అంత చిన్న విషయానికి ఊరట కలగడం చూసి సిగ్గు కూడా వేసింది, కానీ ఊరటే ఎక్కువ.

నాలెయి పాడింది. గొంతు బాగుంది. నాకన్నా బాగుందని ఒప్పుకోను గానీ బాగుంది. నేను నిజానికి ఆ పాట వినడం లేదు. అవతలి గొంతు కోసం చూస్తున్నాను. అతను ఆగుతాడనుకున్నాను. ఇదెవరు అన్నట్టు ఒక్క ఊపిరి సేపు తడుముకుంటాడు, ఆ తడుముకోవడం ఊళ్లో ఇంకెవరికీ తెలియకపోయినా నాకు తెలుస్తుంది. పదకొండేళ్ల తర్వాత ఆమాత్రం ఆశపడటం పెద్ద తప్పు కాదు.

అతను ఆగలేదు. ఎప్పటిలాగే అందుకున్నాడు. రెండో చరణం, మూడో చరణం, అదే గొంతు, అదే నింపాది. నాలుగో చరణంలో నాలెయికి ఊపిరి చాలక మాట తెగింది. అతను తన చరణాన్ని కాస్త సాగదీసి ఆ పిల్లకి సందు ఇచ్చాడు.

నేను లేచి ఇంటికి వచ్చేశాను. తలనొప్పి అని చెప్పాను.

నిలకడ రోజుల్లో పాటమనిషి నీళ్లు మోయదు, కొబ్బరి కోరదు, పొయ్యి ఊదదు. పొగ గొంతుకి పడదు కదా. అన్నీ ఇంట్లో మిగతావాళ్లు చెయ్యాలి. నా కోసం తొమ్మిదేళ్లు అత్త చేసింది, తర్వాత రెండేళ్లు నాలెయి చేసింది. ఇప్పుడు నాలెయి కోసం నేను కోరాం మీద కూర్చున్నాను. తాబేలు కోసిన రోజు మొదటి ముక్క ఆకులో చుట్టి మా గుమ్మంలోకి తెచ్చారు. అలవాటు కొద్దీ చెయ్యి చాపాను. తెచ్చిన మనిషి నన్ను దాటి లోపలికి చూశాడు. నా సొంత కూతురు, చిన్నది, నేను చూస్తుండగానే లేత బోండాం కొట్టించుకుని పిన్ని దగ్గరికి పరుగెత్తింది. ఏడాది కిందట ఆ బోండాం నాకు తెచ్చేది.

నాలుగో రోజు మూడో గొంతు రాలేదు. ఐదో రోజు రాలేదు. ఎనిమిదో రోజు బావి దగ్గర ఒకామె మెల్లగా, గాలిలో మాట పోకుండా నా చెవి దగ్గర నోరు పెట్టి, లుయెమా కూర్చున్నప్పుడు ఇలా ఎప్పుడైనా అయిందా అని తమ ఇంట్లో అందరూ అనుకుంటున్నారని చెప్పింది.  తల దించుకుని కుండ నింపుకున్నాను. ఇంటికి వచ్చే దారంతా ఆ మాటని బెల్లం ముక్కలా చప్పరిస్తూ వచ్చాను.

రోజూ సాయంత్రం నాలెయి వెళ్లి కూర్చునేది, కాళ్లు పైకి మడుచుకుని. తిరిగి వచ్చేటప్పుడు ఎవరి మొహం చూసేది కాదు. పన్నెండో రోజుకి గొంతు అంచులు చిరగడం మొదలుపెట్టాయి. నేను ఆకులు మరగబెట్టి తెచ్చి మెడకి కట్టు కట్టాను. నా చేతులు ఆ పని శ్రద్ధగానే చేశాయి. సివారె దక్షిణపు దీవిలో పడవతో సహా ఆగిపోయి ఉన్నాడు, గాలి వస్తే గానీ రాలేడు. ఇంట్లో ఆ పిల్లకి నేనే దిక్కు అన్నట్టు నా చేతులకేసి చూసేది.

మా దీవిలో బావి నీళ్లు నిలకడలో ఉప్పెక్కిపోతాయి. తాగడానికి వానాకాలంలో నీళ్లు పట్టుకున్న కుండలే ఆధారం. ఐదారు రోజులకి సరిపడేలా అందరూ వాడుకుంటారు, ఏటా అంతే కాబట్టి. పద్నాలుగో రోజున పెద్దలు కుండలన్నీ ఒకచోట పెట్టించి, మనిషికి రోజుకి రెండు చిప్పల నీళ్లని ఖాయం చేశారు. మా అత్త తన రెండో చిప్ప పిల్లలకి పోసేది. పెదాలు పగిలి తెల్లగా అయ్యాయి. తాగు అత్తా అంటే, ముసలిదాన్ని, నాకు దాహం తెలీదే అనేది.

అప్పుడైనా చెప్పి ఉండాల్సింది. ఇంకొక్క రోజు చూద్దాం అనుకున్నాను. అవతలి మనిషికి వినపడాలి, గొంతులు కలవడం లేదని. కలవడం లేదంటే ఇక్కడ కూర్చున్నది నేను కాదని. ఆ ముక్క అతనికి తెలిసిన మరుక్షణం నాలెయికి అంతా చెప్పేద్దామని నాలో నేను ఒప్పందం చేసుకున్నాను. అతనికి తెలిసిందని నాకెలా తెలుస్తుందో మాత్రం ఆలోచించలేదు.

పదహారో రోజు సాయంత్రం ఊరివాళ్లతో కూర్చోకుండా ఒడ్డు చివరికి వెళ్లి, మడ చెట్ల వెనక నీళ్లలో దిగి నిలబడ్డాను. కాసేపటికి పాదాల కింద వణుకు పుట్టింది. అతనే. నా ఒళ్లంతా ఎవరో పేరు పెట్టి పిలిచినట్టయింది. వణుకు ఆగింది. నా నోరు దానంతటదే తెరుచుకుంది. గాలి తప్ప ఏమీ రాలేదు. చాలాసేపటికి రాతి మీద నాలెయి ఎత్తుకుంది, నేను చెప్పినట్టే, మర్యాదగా, ఆలస్యంగా.

ఆ రోజు ఇంటికి వచ్చాక నాలెయి పెరట్లో నా పక్కకి వచ్చి నిలబడింది.

"అక్కా, నేనేం తప్పు చేస్తున్నానో చెప్పు. కావాలంటే తిట్టు."

"తిట్టడానికేముంది," అన్నాను. "గొంతు అందరికీ ఒకలా ఉండదు కదా."

"అయితే నా గొంతే మంచిది కాదన్నమాట."

కాదని అనవలసిన చోట నేను పుల్లలు ఏరుతూ ఉండిపోయాను.

మర్నాడు మధ్యాహ్నం తాకోరుకి తిండి పట్టుకుని పడవల పాకకి వెళ్లాను. సీమపనస బంక కాచి పడవ సందుల్లో పూస్తున్నాడు. పాకలో ఇంకెవరూ లేరు. నాలెయికి అంతా చెప్పావా అని అడిగాడు, తల ఎత్తకుండానే. చెప్పానన్నాను. మరి ఎందుకు కలవడం లేదంటాడు. నాకేం తెలుసు అన్నాను. అంతలోనే నాకు తెలియకుండా లోపల ఉన్నదంతా బయటికి వచ్చేసింది. గట్టిగా అరవడానికి గొంతు లేదు కాబట్టి ఆ మాటలు నీళ్లు దాటి పోలేదు. లేకపోతే తెఫూయి అంతా వినేది.

"పదకొండేళ్లు పాడాను. వాడికి గొంతు మారిన సంగతే తెలియలేదు. నేనైనా ఒకటే, ఇంకొకతైనా ఒకటే. నాలాగే దానికీ సందు ఇచ్చాడు మొదటి రోజునే. నువ్వు వినలేదా? ఊరందరూ విన్నారు. ఇంతకాలం నేను ఎవరికి పాడినట్టు?"

తాకోరు బంక పూస్తూనే ఉన్నాడు. చల్లారితే గట్టిపడిపోతుంది, మధ్యలో ఆపడానికి వీల్లేదు.

"ఆయన కాదే," అన్నాడు.

"ఏంటి?"

"నువ్వనుకునే మనిషి కాదు. ఆయన పోయాడు. నీతో చివరి మూడేళ్లూ పాడింది ఆయన తమ్ముడు. ఇప్పుడు పాడేదీ అతనే."

నేను ఆకు మడిచిన తిండి చేతిలో పట్టుకుని నిలబడ్డాను. ఎప్పుడు అని అడిగాను. సీమపనసలకి తెగులు పట్టిన ఏడు అని చెప్పాడు. నాకు ఆ ఏడు బాగా గుర్తు. మూడో రోజుకే మూడో గొంతు వచ్చేసింది. నేను ఇంటికి వచ్చి, ఈసారి అవతలి మనిషి ఎన్నడూ లేనంత బాగా పాడాడని తాకోరుతో చెప్పాను. జలుబు చేసినప్పుడు నాకు సందు ఇచ్చింది ఆ తర్వాతి ఏడు.

"పేరేంటి?"

"ఇప్పుడు చెప్పొచ్చులే. రెవుతా."

ఆ పేరు నాకు తెలుసు. తెగులు ఏడు తెఫూయి నుంచి వచ్చిన పేర్లు ఆరు. రెవుతా నాలుగోది. తమ్ముడు ఆ పేరు నీళ్ల మీద పంపాడు, నేను అందుకుని తిరిగి పంపాను. తర్వాత ఐదో పేరుకి వెళ్లిపోయాను.

"నాకెందుకు చెప్పలేదు?"

"చెప్పకూడదన్నారు పెద్దలు. అక్కడ మనిషి మారితే ఇక్కడ చెప్పరు, ఇక్కడ మారితే అక్కడ చెప్పరు." తాకోరు బంక కుండ కింద పెట్టి చేతులు తుడుచుకున్నాడు. అప్పటికి నా మొహం చూశాడు. "నీకు తేడా తెలుస్తుందేమోనని నేను ఆ మొదటి సాయంత్రం నిన్నే చూస్తూ కూర్చున్నాను. తెలియలేదు. నాకు కొంచెం సంతోషం వేసింది. అబద్ధం ఎందుకు చెప్పాలి."

నేను తిండి అక్కడ పెట్టి బయటికి వచ్చాను. ఎండ నడినెత్తిన ఉంది. ఇంటికి వెళ్లాను. అత్త లోపల నోరు తెరుచుకుని పడుకుని ఉంది. నాలెయి గోడకి ఆనుకుని మెడ కట్టు సర్దుకుంటోంది. ఎదురుగా కూర్చున్నాను. ముందుగా కూర్చుకున్న మాటలేవీ లేవు.

"కాళ్లు పైకి పెట్టుకోకు," అన్నాను. "నీళ్లలో పెట్టు. అతని గొంతు ముందు పాదానికి తెలుస్తుంది, వణుకులాగా. ఆ వణుకు ఆగగానే ఎత్తుకో. చెవి కోసం ఆగకు."

నాలెయి కట్టు మీద చెయ్యి అలాగే ఉంచి నన్ను చూసింది.

"ఇది నీకిప్పుడే గుర్తొచ్చిందా?"

"కాదు."

"మొదటి నుంచీ తెలుసా?"

"తెలుసు."

ఆ పిల్ల తల తిప్పి లోపల పడుకున్న అత్త వైపు చూసింది.  తిడుతుందనుకున్నాను. తిడితే బాగుండుననుకున్నాను. మెడకి ఉన్న ఆకుల కట్టు విప్పి, నాలుగు మడతలు పెట్టి నా ముందు పెట్టింది.

"చీలమండ దాకానా, పిక్క దాకానా?"

"చీలమండ దాకా."

ఆ సాయంత్రం నేను ఒడ్డుకి వెళ్లలేదు. ఇంట్లో అత్త పక్కనే కూర్చున్నాను. నాలెయి మొదటి చరణం వినపడింది, అవతలి జవాబు వినపడింది. ఆ తర్వాత నాలెయి ఎత్తుకున్న తీరు వినగానే నా అరికాళ్లకి తెలిసిపోయింది. మూడో పేరు దగ్గర అది లేచింది. ఎన్నిసార్లు విన్నా దాన్ని పోల్చి చెప్పడం నాకు చేతకాదు. కుండల్లో నీళ్లు సన్నగా వణికాయి. కోళ్లు అరవడం మానేశాయి. అత్త కళ్లు తెరిచి, వచ్చిందే అంది. ఒడ్డున ఎవరో ఏడుస్తున్నారు, ఎవరో నవ్వుతున్నారు. రాతి మీద కూర్చున్నప్పుడు నేను ఎప్పుడూ అది నా కోసం వస్తుందనుకునేదాన్ని.

మూడు రోజులకి గాలి వచ్చింది. దాని వెనకే వాన. అత్త గుమ్మంలో కూర్చుని నోరు తెరిచి పైకి పట్టుకుంది, పిల్లలు ఆమెను చూసి పడిపడి నవ్వారు. వారం తిరక్కుండా సివారె పడవ వచ్చింది. మొగుడు వచ్చిన నాలుగో రోజున నాలెయి వేరే పొయ్యి పెట్టుకుంటానంది. అత్త చాలా బాధపడింది. కొడుకులిద్దరూ ఒకే ఇంట్లో ఉండగా రెండు పొయ్యిలెందుకు, ఎవరేమన్నారు, ఎవరికేం లోటయిందని అందర్నీ అడిగింది. సివారెకి తెలియదు. తాకోరు నా వైపు చూసి ఊరుకున్నాడు. నాలెయి, ఏం లేదత్తా, పిల్లలు పుడితే ఇరుకవుతుంది కదా అంది. ఆ పదిహేడు రోజుల సంగతి ఆ పిల్ల ఎవరికీ చెప్పలేదు. ఈ రోజు వరకూ చెప్పలేదు. కోరాం నా దగ్గరే వదిలేసి, తన కోసం కొత్తది చేయించుకుంది.

నిలకడ అయ్యాక తెఫూయికి మొదటి పడవ వెళుతుంది, పోయినవాళ్ల ఇళ్లకి చాపలూ ఎండుచేపలూ పట్టుకుని. నేను పాటమనిషిని కాను కాబట్టి నాకిప్పుడు అడ్డు లేదు. పడవ ఎక్కాను. తాకోరు నీళ్ల బుర్ర ఒకటి నా పక్కన పెట్టాడు.

తెఫూయి ఒడ్డు మా ఒడ్డులాగే ఉంది. మా పడవ కనబడగానే ఒక ఇంటి గుమ్మానికి చాప దించారు. లోపల ఎవరున్నారో నాకు తెలుసు. అటు వెళ్లలేదు. రెవుతా ఇల్లు ఏదని అడిగాను. చూపించారు.

పెరట్లో ఒకామె చేపలు శుభ్రం చేస్తోంది. నా వయసే ఉంటుంది, నాకన్నా కాస్త భారీ మనిషి. పేరు ఎపోలా అని పడవలోనే విన్నాను. ఎవరు కావాలంది. ఒమారె నుంచి వచ్చానని, ఇంతకుముందు అక్కడ పాడేదాన్నని చెప్పాను. ఆమె కత్తి ఆపి, నన్ను కిందినుంచి పైదాకా చూసింది.

"నువ్వా," అంది. "ఈ గొంతేనా?"

"జ్వరంలో పోయింది."

"పోయిందా." ఆమె పెదాల మీదికి నవ్వులాంటిదేదో రాబోయి, ఆగింది. ఆమె స్థానంలో నేనుంటే ఆపుకునేదాన్ని కాదు. "కూర్చో. ఎనిమిదేళ్లు విన్నాను నీ గొంతు, నా ఇంట్లో నేను కూర్చుని. నిలకడ ఇంకా నెల ఉందనగానే మా ఆయన నాతో మాట్లాడటం తగ్గించేసేవాడు. గొంతు దాచుకుంటున్నాననేవాడు. నా కోసం ఎప్పుడైనా ఏమైనా దాచుకున్నాడా ఆ మనిషి?"

నేను ఆమె ఎదురుగా కూర్చుని ఒక చేప తీసుకున్నాను. ఆమె ఇంకో కత్తి నా వైపు తోసింది. ఇద్దరం పొలుసు గీకుతూ కూర్చున్నాం. ఆయన ఏమైపోయాడని అడిగాను. దగ్గు, రెండు నెలలు తీసుకున్నాడు అంది. సమాధి పగడపు రాళ్లతో కట్టారట, తర్వాత చూపిస్తానంది. పిల్లలెంతమందని నన్ను అడిగింది. చెప్పాను.

తర్వాత ఆమె ఒకే చేపని తిప్పి తిప్పి గీకుతోంది, దానికి పొలుసు ఎప్పుడో అయిపోయింది.

"ఒకటి అడుగుతాను," అంది, నా వైపు చూడకుండా. "ఆయన పోయిన ఏడు మా మరిది కూర్చున్నాడు. ఊళ్లో అందరూ ఎంత సంతోషించారో. అవతలావిడకి తేడాయే తెలియలేదు, మూడో రోజుకే మూడో గొంతు వచ్చేసిందని. నాకు ఇంట్లో అన్నం దిగలేదు. నిజంగా తెలియలేదా నీకు?"

"తెలిసింది," అన్నాను.

ఆమె చెయ్యి ఆగింది.

"మొదటి సాయంత్రమే తెలిసింది. మొదటి చరణానికే. ఇదెవరు అనుకున్నాను. నోట మాట రాలేదు కాసేపు."

"మరి పాడావుగా."

"పేర్లు పంపాలి కదా. పాడాను. ఆ ఏడు ఇంటికి వెళ్లి ఏడ్చాను."

ఎపోలా చేపని ఆకు మీద పెట్టింది. మోచేత్తో మొహం తుడుచుకుంది, తుడుచుకుంటే పొలుసు ఒకటి చెంపకి అంటుకుంది. ఆ సంగతి ఆమెకి తెలియదు.

"నేను చెప్పాను వీళ్లకి," అంది. "ఆ మనిషికి తెలిసే ఉంటుందని చెప్పాను. ఒక్కళ్లు నమ్మలేదు."

తర్వాత లోపలికి కేకేసి, చుట్టం ఉంది, ఇంకో ఆకు వెయ్యమని ఎవరికో చెప్పింది.